సినిమాల్లో చిన్న వేషాలు వేసిన అమ్మమ్మ కథ: ఎక్కడ వెతకాలి, ఎంత రాయాలి?

ముందు మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో చెప్తాను. మీ అమ్మమ్మగారు 1950లలో మద్రాసులో ఉండి ఏడెనిమిదేళ్లు సినిమాల్లో చిన్న వేషాలు వేశారు. బొమ్మలు కూడా బాగా వేసేవారు. పెళ్లయ్యాక సినిమాలు మానేశారు. ఇప్పుడు ఇంట్లో మిగిలినవి ఓ ట్రంకు పెట్టె, నాలుగైదు ఫొటోలు, మీ పెద్దమ్మగారి జ్ఞాపకాలు. నెట్‌లో పేరు కొడితే ఏమీ రావడం లేదు. ఆవిడ మీద చిన్న పుస్తకం వేయాలి, ఎక్కడ మొదలుపెట్టాలి అని అడిగారు.

సూటిగా చెప్తున్నాను: ఆవిడ పేరు పట్టుకుని వెతకడం ఆపేయండి. ముందు ట్రంకు పెట్టెలో కాగితాలు, ఫొటోల వెనక వైపు చూడండి. సినిమా పేరో, కంపెనీ పేరో, సంవత్సరమో ఒక్కటి దొరికితే చాలు. దాంతో ఆ సినిమా పాటల పుస్తకానికి వెళ్లండి, తర్వాత ఆ నెలల పత్రికలకు. సినిమా చూడడం అన్నిటికన్నా చివర. చాలామంది తిరగేసి చేస్తారు. యూట్యూబులో వంద పాత సినిమాలు చూసి, కళ్లు లాగేసి, అప్పుడు నాలాంటివాళ్ల దగ్గరికి వస్తారు.

నేను ముప్పై ఏళ్లుగా పాత సినిమాల పాటల పుస్తకాలు పోగుచేస్తున్నాను. ఆ పిచ్చి వల్లే ఇలాంటి వెతుకులాటలు పాతిక దాకా నా చేతిమీదుగా వెళ్లాయి. కొన్నింట్లో చాలా దొరికింది, కొన్నింట్లో ఒక్క వాక్యం.

పేరు ఎందుకు పనికిరాదో చెప్తాను. ఆ రోజుల్లో తెరమీద పడే పేర్లు పది పదిహేను. చెలికత్తెలు, పక్కింటి పిన్నిగారు, పెళ్లిపందిట్లో ముత్తయిదువలు, వీళ్లంతా 'మరియు ఇతరులు' కిందికి పోయేవాళ్లు. ఒకవేళ పేరు పడినా అది ఇంట్లో పెట్టిన పేరు కాకపోవచ్చు. కంపెనీవాళ్లు మార్చేవాళ్లు. ఒకే పేరుతో ఇద్దరుంటే ఊరిపేరో, నాటక సమాజం పేరో ముందు తగిలించేవాళ్లు. సురభి నాటక సమాజాల నుంచి వచ్చినవాళ్లలో చాలామందికి 'సురభి' ముందుండడం అలాగే.

బాలసరస్వతి అనే పేరు తీసుకోండి. రావు బాలసరస్వతీదేవి గాయని, చిన్నప్పుడు నటించారు కూడా. సురభి బాలసరస్వతి సినిమాల్లో హాస్యపాత్రలు, చిన్న పాత్రలు వేసిన నటి. టి. బాలసరస్వతి భరతనాట్యంలో మహామహురాలు, ఆవిడ మీద సత్యజిత్ రాయ్ డాక్యుమెంటరీ తీశారు. ముగ్గురికీ సంబంధం లేదు, ముగ్గురూ కళాకారిణులే, ముగ్గురికీ మద్రాసుతో లంకె ఉంది. ఇంత పేరున్నవాళ్లనే జనం కలిపేస్తుంటే, పేరు లేనివాళ్ల సంగతి ఊహించుకోండి.

నేనూ ఆ తప్పు చేశాను. ఒకే పేరున్న ఇద్దరు నటీమణులను ఒక్కరే అనుకుని, ఒకావిడ సినిమాలు ఇంకొకావిడ ఖాతాలో వేసి, ఓ సావనీరులో వ్యాసం రాశాను. అచ్చయిన రెండు నెలలకు ఓ పెద్దాయన ఫోన్ చేశారు. 'బాబూ, మా అమ్మ ఆ సంవత్సరం సినిమాలో లేదు, నన్ను కంటోంది' అన్నారు. అప్పట్నుంచి పుట్టిన సంవత్సరాలు, పెళ్లి, కాన్పులు, ఇల్లు మారిన తేదీలు ముందు ఒక కాగితం మీద వేసుకోకుండా ఏ నటి గురించీ రాయలేదు. మీరూ మొదట ఆ పట్టిక వేయండి. పెద్దమ్మగారు ఏ నెలలో పుట్టారో తెలిస్తే, ఆ ముందు ఆరేడు నెలలు అమ్మమ్మగారు డ్యాన్సు సీన్లలో ఉండే అవకాశం ఎంతో మీకే తెలుస్తుంది.

ఇక ట్రంకు పెట్టె. ఫొటో ముందు వైపు కన్నా వెనక వైపు విలువైనది. స్టూడియో స్టిల్ అయితే వెనక ఫొటోగ్రాఫర్ రబ్బరు స్టాంపు గానీ, పెన్సిల్‌తో వేసిన నంబరు గానీ ఉండొచ్చు. ఆ నంబరు ముందు సినిమా పేరు పొడి అక్షరాల్లో ఉంటే మీ అదృష్టం. ఫొటో ఆల్బమ్‌లో అంటించి ఉంటే మాత్రం పీకకండి. నల్ల అట్టకు జిగురు పట్టిన ఫొటోని బలవంతంగా లాగితే ఆ వెనక రాతే ముందు పోతుంది. అలాగే లామినేషన్ చేయించకండి. 'భద్రంగా ఉంటుందని' లామినేషన్ చేయించి తెచ్చిన ఫొటోలు చూసినప్పుడల్లా నాకు కడుపు తరుక్కుపోతుంది. 600 డీపీఐలో రెండు వైపులా స్కాన్ చేసి, మామూలు కాగితపు కవర్లో పెట్టండి. ప్లాస్టిక్ వద్దు.

తర్వాత కాగితాలు. డబ్బు ముట్టినట్టు రెవెన్యూ స్టాంపు మీద సంతకం పెట్టిన వోచర్లు, బేటా (రోజువారీ భత్యం) చీటీలు, కాల్షీట్ (షూటింగుకు ఇచ్చే తేదీలు) గురించి కంపెనీ రాసిన కార్డులు, ఇవేవైనా ఉంటే బంగారమే. దక్షిణ భారత నటీనటుల సంఘం 1952లో ఏర్పడింది. మద్రాసులో తెలుగువాళ్లూ అందులో ఉండేవాళ్లు కాబట్టి సభ్యత్వ కార్డు ఉందేమో చూడండి. ఇంకొకటి జనానికి తట్టదు: రేడియో. ఆకాశవాణి మద్రాసు కేంద్రం 1938లో, విజయవాడ కేంద్రం 1948లో మొదలయ్యాయి. సినిమాల్లో చిన్న వేషాలు వేసేవాళ్లు రేడియో నాటకాల్లో గొంతు ఇచ్చేవాళ్లు. రేడియోవాళ్లు ప్రతి కార్యక్రమానికీ కాంట్రాక్టు కాగితం పంపేవాళ్లు. తేదీ, కార్యక్రమం, పారితోషికం అన్నీ టైపు చేసి ఉంటాయి. సినిమా కంపెనీ కాగితం దొరకని చోట రేడియో కాగితం దొరికిన సందర్భాలు నాకు మూడున్నాయి. ఒకావిడ విషయంలో ఆ కాగితం మీదున్న అడ్రసు పట్టుకుని, ఆవిడ ఏ సంవత్సరం నుంచి మద్రాసులో ఉన్నారో తేల్చాం.

సినిమా పేరు ఒక్కటి తెలిసిందనుకోండి. అప్పుడు పాటల పుస్తకం. ఈ తరంవాళ్లకు తెలియకపోవచ్చు. హాలు దగ్గర అణాకో రెండణాలకో అమ్మే పల్చటి పుస్తకం అది. పాటల సాహిత్యం, సాంకేతిక నిపుణుల పేర్లు, తారాగణం, కథ సంగ్రహం ఉంటాయి. కథ సగందాకా చెప్పి 'తరువాయి వెండితెరపై చూడండి' అని ఆపేసేవాళ్లు. మనకు కావలసింది తారాగణం. తెరమీద పడని పేర్లు కొన్నిసార్లు ఇందులో పాత్రలతో సహా ఉంటాయి. చెన్నైలోని రోజా ముత్తయ్య పరిశోధన గ్రంథాలయం, పుణెలోని జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ (1964లో పెట్టారు) ఇలాంటివి దాచాయి. వాటికన్నా ముందు మాలాంటి సొంత సేకరణదారుల్ని అడగండి. మేం డబ్బు తీసుకోం, కబుర్లు చెప్పి మీ టైము మాత్రం తీసుకుంటాం.

ఇక్కడ ఒక మెలిక ఉంది. తమిళ పాటల పుస్తకం కూడా చూడండి. ఆ రోజుల్లో మద్రాసు కంపెనీలు ఒకే సెట్టు మీద రెండు భాషల్లో తీసేవి. 1955లో వచ్చిన మిస్సమ్మ అలా తీసిందే. తెలుగులో ఎన్.టి.రామారావు, నాగేశ్వరరావు అయితే తమిళంలో జెమినీ గణేశన్, తంగవేలు. సావిత్రి, జమున రెండింట్లోనూ ఉన్నారు. హీరోలు మారినట్టే చిన్న పాత్రలూ మారేవి. ఒక కుటుంబం వాళ్ల నానమ్మ ఫలానా సినిమాలో హీరోయిన్ స్నేహితురాలు అని యాభై ఏళ్లుగా చెప్పుకుంటున్నారు. తెలుగు సినిమా పదిసార్లు చూశారు, ఆవిడ లేరు. 'నానమ్మ కోతలు కోసింది' అని మనవడే నవ్వేవాడట. తీరా చూస్తే ఆవిడ వేసింది తమిళంలో. తమిళ పుస్తకంలో పేరు కూడా ఉంది, కాస్త వేరే ఉచ్చారణతో. ఆ మనవడి మొహం నేను చూశాను.

పత్రికల్లో రూపవాణి, కినిమా లాంటి సినిమా పత్రికలు ఆ కాలానికి పనికొస్తాయి. విజయచిత్ర 1966లో గానీ మొదలవలేదు, కాబట్టి మీకు అంతగా ఉపయోగపడదు. ఆంధ్రపత్రిక, ఆంధ్రప్రభ వారపత్రికల్లో సినిమా పేజీలు ఉండేవి. ఆంధ్రప్రదేశ్ ప్రెస్ అకాడమీ చాలా పాత సంచికలు స్కాన్ చేయించి నెట్‌లో పెట్టింది. వేటపాలెం సారస్వత నికేతనంలో కూడా పాత పత్రికలు బాగా ఉన్నాయి. అయితే ఓపిక కావాలి. ఆ స్కాన్లలో పేరు కొట్టి వెతకడం కుదరదు, పేజీ పేజీ తిప్పాల్సిందే. అందుకే ముందు నెల, సంవత్సరం తేల్చుకోమన్నాను.

ఇప్పుడు సినిమా చూడండి. కానీ ఒక లెక్క గుర్తుపెట్టుకోండి. 35 ఎంఎం ఫిల్ము నిమిషానికి 90 అడుగులు నడుస్తుంది. పాత ప్రకటనలో సినిమా నిడివి 16,000 అడుగులు అని ఉంటే దాదాపు 178 నిమిషాలన్నమాట. నెట్‌లో ఉన్న కాపీ 150 నిమిషాలే ఉంటే అరగంట సినిమా ఎక్కడో ఎగిరిపోయింది. హాళ్లవాళ్లు కత్తిరించి ఉండొచ్చు, రీలు పాడై ఉండొచ్చు, టీవీ కోసం తగ్గించి ఉండొచ్చు. కత్తిరింపుల్లో మొదట పోయేది ఎవరి సీన్లో మీకు చెప్పక్కర్లేదు. కాబట్టి తెరమీద కనబడలేదు అంటే నటించలేదని కాదు. అసలు సినిమానే లేకపోవచ్చు. 1950ల మొదటిదాకా వాడిన నైట్రేట్ ఫిల్ము పెట్టెలో పెట్టినా దానంతటదే కుళ్లిపోతుంది, నిప్పు తగిలితే ఆరదు. ఫిల్ములో ఉండే వెండి కోసం కరిగించినవి వేరే. తెలుగు మాటలు, పాటలు కూడా ఉన్న 1931 నాటి కాళిదాస్ మనకు మిగల్లేదు.

పెద్దమ్మగారి జ్ఞాపకాల సంగతి. రికార్డు చేయండి, తప్పకుండా. అడ్డు తగలకుండా వినండి. కానీ తేదీల విషయంలో ఆవిణ్ణే కాదు, ఎవర్నీ నమ్మకండి. తొలి తెలుగు టాకీ భక్త ప్రహ్లాద 1931 సెప్టెంబరు 15న విడుదలైందని దశాబ్దాల పాటు అందరం రాసుకున్నాం. సినీ పరిశోధకుడు రెంటాల జయదేవ ఆనాటి పత్రికలు, సెన్సారు వివరాలు తవ్వి, అది సెన్సారైందే 1932 జనవరి 22న, విడుదలైంది ఫిబ్రవరి 6న అని తేల్చారు. అంత పెద్ద సినిమాకే ఇంత పొరపాటు నడిచింది. పెద్దమ్మగారు '1954లో' అంటే 'పెద్దమ్మ చెప్పిన ప్రకారం 1954' అని రాసుకోండి, కాగితం దొరికాక మార్చండి.

ఇప్పుడు బొమ్మల గురించి. మీరు దీన్ని ఒక్క వాక్యంలో చెప్పి వదిలేశారు. నన్నడిగితే పుస్తకంలో సగం ఇదే అవ్వాలి. సినిమా వేషాలు ఎవరో ఇస్తే వేసినవి. బొమ్మలు ఆవిడ తనంతట తాను వేసినవి. పైగా సినిమాలు పోయి ఉండొచ్చు గానీ బొమ్మలు మీ ఇంట్లోనే ఎక్కడో ఉండి ఉంటాయి.

ఆ తరం ఆడవాళ్ల బొమ్మలు గోడల మీద ఫ్రేముల్లో దొరకవు. నోటుబుక్కుల్లో, క్యాలెండర్ వెనక, కుట్టుపనికి గీసిన డిజైన్లలో, పెళ్లి పీటల మీద ఉంటాయి. ఒకింట్లో ఓ కట్ట కాగితాలు చూపించి 'ముగ్గుల డిజైన్లండీ' అన్నారు. చూస్తే వడ్డాణాలు, వంకీలు, కిరీటాలు. అంచుల్లో గజాల లెక్కలు, రంగుల పేర్లు. అవి ముగ్గులు కాదు, నాటకాలకు దుస్తులు, నగల నమూనాలు. ఆవిడ వేషం వేయడమే కాదు, సమాజం మొత్తానికి ఆహార్యం చూసుకునేవారని దాంతో బయటపడింది. ఇంట్లో ఎవరికీ తెలియదు.

సంతకాలు చూడండి. సినిమా పేరుతో సంతకం చేశారా, ఇంటి పేరుతోనా, పెళ్లి తర్వాతి పేరుతోనా? దాన్ని బట్టి కాలం తెలుస్తుంది. బొమ్మ ఏదైనా అచ్చయిందేమో భారతి, గృహలక్ష్మి లాంటి పత్రికలు చూడండి. చిత్రకళ నేర్చుకున్న ఆడవాళ్లు ఆనాడు లేకపోలేదు. రాజమండ్రిలో చిత్రకారుడు దామెర్ల రామారావు భార్య సత్యవాణి, చెల్లెలు బుచ్చికృష్ణమ్మ ఇద్దరూ చిత్రకారిణులే. మీ అమ్మమ్మగారు ఎవరి దగ్గరైనా నేర్చుకున్నారా, లేక సెట్లకు తెరలు వేసేవాళ్లను చూసి పట్టేశారా అన్నది పెద్దమ్మగారిని అడగాల్సిన మొదటి ప్రశ్న. ఇంకో మాట, ఆ బొమ్మల హక్కులు ఆవిడ పోయిన తర్వాత 60 ఏళ్లు వారసులందరివీ. పుస్తకంలో వేసేముందు మామయ్యలు, పిన్నుల దగ్గర ఓ కాగితం మీద ఒప్పుకోలు తీసుకోండి. ఇది చెప్తే అందరూ నవ్వుతారు, తర్వాత గొడవలవుతాయి.

ఇక ఎంత రాయాలి? ఇలాంటి పుస్తకాలు పాడయ్యేది సమాచారం లేక కాదు, పెంచి రాయడం వల్ల. 'ప్రముఖ నటి' అని మొదలుపెడతారు. రెండో పేజీలో చూస్తే మూడు చెలికత్తె వేషాలు. చదివేవాడికి నవ్వొస్తుంది, ఆవిడకు అవమానం. చెలికత్తె అని రాయండి. రోజుకు ఎంత ఇచ్చారో వోచరు ఉంటే అది రాయండి. తెల్లవారుజామున కంపెనీ వ్యాను ఎక్కి, మేకప్ వేసుకుని, సాయంత్రం దాకా కూర్చుని, ఒక్క షాట్ తీయకుండా వెనక్కి పంపిన రోజులుంటాయి, అవి రాయండి.

పెద్ద పేర్ల జీవితాలు కూడా తిన్నగా ఏం సాగలేదు. తొలి తెలుగు టాకీలో లీలావతిగా వేసిన సురభి కమలాబాయి 1951 నాటి పాతాళభైరవిలో తోటరాముడి తల్లి. ఇరవై ఏళ్లలో నాయిక నుంచి అమ్మ వేషానికి. అదే సినిమాలో ఉన్న టి.జి.కమలాదేవి నటి, గాయని, డబ్బింగ్ కళాకారిణి, పైగా బిలియర్డ్స్ క్రీడాకారిణి. ప్లేబ్యాక్ (తెరమీది నటికి వేరొకరు పాడే పద్ధతి) వచ్చాక పాడగలిగే నటికి ఉన్న గిరాకీ తగ్గింది, పాడలేని నటికి దారి దొరికింది. కొందరు గొంతు అరువిచ్చే పనికి వెళ్లారు. మీ అమ్మమ్మగారు మానేయడానికి పెళ్లే కారణమా, వేషాలు తగ్గడమా? రెండూ కావచ్చు. 'కుటుంబం కోసం త్యాగం చేసింది' అని మీకు మీరే తీర్పు రాసేయకండి. ఆవిడ అలా అన్నట్టు ఎవరైనా విని ఉంటే, వాళ్ల మాటల్లోనే పెట్టండి.

ఒక సున్నితమైన విషయం. పేరు ముందు వేరేగా ఉండేదని పెద్దమ్మగారు అన్నారని రాశారు. ఆ తరంలో పేరు మార్పు వెనక రకరకాల కారణాలుండేవి. కొన్ని కళాకుటుంబాలు, ముఖ్యంగా 1947లో మద్రాసు దేవదాసీ నిషేధ చట్టం వచ్చిన రోజుల్లో, పాత గుర్తింపు వదిలించుకోవాలనుకున్నాయి. కొందరు నాన్నకు తెలియకుండా నటించడానికి మార్చుకున్నారు. కొందరికి నిర్మాత భార్య పేరు, తన పేరు ఒకటే కావడమే ఇబ్బంది. మీది ఏదో నాకు తెలియదు, ఊహించను కూడా. పెద్దమ్మగారు ఆ మాట దగ్గర ఆగిపోతే తరిమి అడగకండి. రెండోసారి వెళ్లినప్పుడు ఆవిడే చెప్తారు. చెప్పకపోతే అది పుస్తకంలో ఉండనక్కర్లేదు.

చివరగా మీరు వర్ణించిన ఆ ఫొటో. అమ్మమ్మగారితో పాటు ఇంకో ముగ్గురు ఒకే రకం జాకెట్లు, ఒకే రకం జడల్లో నిలబడ్డారన్నారు, పక్కన ఎత్తైన స్తంభం ఉందన్నారు. అది జానపదమో పౌరాణికమో అయ్యుండాలి, నలుగురూ చెలికత్తెలో నాట్యకత్తెలో. స్తంభం మీది నగిషీ, జాకెట్టు అంచు కనిపించేలా పెద్దగా స్కాన్ చేసి పెట్టండి. నా దగ్గరున్న పాటల పుస్తకాల అట్టలతో పోల్చి చూస్తాను. ఆ ముగ్గురి పేర్లు పెద్దమ్మగారికి గుర్తున్నాయేమో కూడా అడగండి. సగం పేరైనా, ముద్దుపేరైనా సరే. వాళ్ల ఇళ్లలోనూ ఇదే ఫొటో ఉండి ఉంటుంది, వెనక రాత చెరగకుండా ఉన్నది వాళ్ల కాపీయే కావచ్చు.